పెస్టలోజీ మహాశయుని జీవితము

స్విట్జర్లాండు దేశమందలి జూరిచ్ నగరమున 1746వ సంవత్సరము జనవరి 12వ తేదీని యోహాన్ హైన్రిక్ పెస్టలోజీ జన్మించెను. ఈయన తండ్రి శస్త్రవైద్యుడు. ఆయన 1751లో అకాలమృత్యువు పాలయ్యెను. మరణశయ్యపై నుండి ఆయన తన యింటి పనికత్తెను బిలిచి, భార్యను బిడ్డలను విడిచి పోవలదని వేడుకొనెను. బాబెలి యని పిలువబడిన యా పల్లెటూరి స్త్రీ మాట యిచ్చి, తుదివరకు దానిని నిలుపుకొనెను. అంగడిలో కూరలు చవుకయగు వేళకై కనిపెట్టుకొనియుండి కొని తెచ్చుచు, కాసునకు కాసు మిగిల్చి ఆమె సంసారమును గడపెను. బట్టలును చెప్పులును అరిగిపోవునని బిడ్డలను వీధిలోనికి పోనిచ్చెడిది కాదు. ఆ యింట ప్రేమకు కొదువ లేదు గాని పరుగెత్తుటకు చోటు లేదు. తోడి బాలురతో నాడి యెరుగని యీ పిల్లవాడు బడిలో అందరికిని పరిహాసపాత్రుడయ్యెను. ఈయన పిమ్మట పిల్లలకు గాలియు, వెలుతురును, ఆటపాటలును వలయునని పట్టుపట్టుటకు మూలమిదియే యని మా తలంపు.

హోంగ్ గ్రామమున మతాచార్యుడుగా నుండిన తాతగారితో బీదల యిండ్లకు పోవుచు ఈయన దారిద్ర్యమును కన్నులార చూచెను. మొదట మతాచార్యుడు కాదలచి, తరువాత బీదల పక్షమున వాదించుటకై ధర్మశాస్త్రమును చదువ మొదలిడి, దానిని కూడ విడిచి కృషికుడయ్యెను. మా వృత్తి యొక మంచివానిని కోల్పోయినదని చింతింప బనిలేదు. వ్యాజ్యములలో ఈయన గెలిచియుండునని మాకు తోచదు. 1769లో తనకంటె ఎనిమిదేండ్లు పెద్దదియగు అన్నా షుల్థెస్‌ను వివాహమాడెను. మరుసటి యేట కుమారుడు పుట్టెను. రూసో పండితుని "ఎమీల్" గ్రంథము నప్పుడు యువకులందరు వేదముగా భావించుచుండిరి. పెస్టలోజీ తన బిడ్డకు ఆ గ్రంథకర్త పేరే పెట్టి, అందలి విధానముననే పెంచ నిశ్చయించెను.

ఇచ్చట తల్లిదండ్రులు కొంచెము నిలిచి చూడవలెను. బాలునకు మూడున్నర యేండ్లున్నప్పుడు, 1774లో, తండ్రి దినచర్య యొకటి వ్రాసెను. పిల్లవానికి స్వేచ్ఛ యీయవలెనని ఒకనాడు వ్రాయును. మరియొకనాడు పాఠమునకు గూర్చుండనందుకు, చదువో గదిలో నిర్బంధమో కోరుకొమ్మని వానిని శాసించును. అంకెల పేర్లు వల్లించు బాలునకు వాని యర్థము తెలియదని గ్రహించి నొచ్చుకొనును. క్లాస్ అను సేవకుడు, పిల్లవానిని మితిమీరి త్రోయుచున్నారని యజమానునకు చెప్పెను. తనకును ఆ భయము కలదని యజమానుడు ఒప్పుకొనెను. గ్రంథము చదువని సేవకుడు బిడ్డ ముఖము చూచెను. గ్రంథము చదివిన తండ్రి గ్రంథమునే చూచెను. పదునొకండేండ్ల ప్రాయమున గూడ ఆ బాలునకు చదువను వ్రాయను రాకుండెను. పెరిగినకొలది వానిని మూర్ఛరోగము పట్టి పీడించెను. ఆ రోగమునకు పెంపకమే కారణమనుట వైద్యశాస్త్రమునకు సమ్మతము గాదు; కాని రోగి యగు బిడ్డకు నిలుకడలేని పెంపకము ఎట్లు తోడ్పడగలదు?

సేద్యము చెడెను. 1774 మొదలు నోయ్‌హోఫ్ అను తన క్షేత్రమున బీదపిల్లలను చేర్చి, వడకుట నేయుట నేర్పుచు అన్నము పెట్టెను. భార్య సొమ్ము సయితము కరగిపోగా 1780లో అదియు మూతపడెను. 1781లో "లియెనార్డు, గెర్ట్రూడు" అను కథ ప్రకటించి ప్రసిద్ధికెక్కెను. శిశుహత్యలను గూర్చి 1783లో వ్రాసిన గ్రంథమున, బిడ్డను చంపిన అవివాహిత కంటె ఆమెను మోసగించిన పురుషునియందును, ఆమెను సిగ్గుచే క్రుంగదీసిన సంఘమునందును, శాసనములందును ఎక్కువ దోషము చూపెను. వితంతువుల దుఃఖమెరిగిన మన దేశమువారికి ఈ వాదము క్రొత్తగా దోపదు.

1798 సెప్టెంబరులో ఫ్రెంచి సైన్యములు నిడ్వాల్డెన్ ప్రాంతమును నేలమట్టము చేసెను. అనాథలైన శిశువులకై ప్రభుత్వమువారు స్టాన్స్ పట్టణమున ఒక సన్న్యాసినీ మఠములో శరణాలయము నేర్పరచి పెస్టలోజీని నియమించిరి. అప్పటి కాయనకు ఏబదిమూడవ యేడు. 1799 జనవరిలో పిల్లలు రాసాగిరి. కొలది కాలమునకే వారి సంఖ్య యెనుబదికి చేరెను. గజ్జి పట్టినవారు, తలనిండ పేలు గలవారు, ఎముకలగూళ్లవలె నున్నవారు, బిచ్చమెత్తి అబద్ధమాడుట కలవాటుపడినవారు. తోడు ఒక యింటి దాసి మాత్రమే. గోడలు పూర్తిగా కట్టబడలేదు; ధూళియు తేమయు నిండియుండెను. ఆయన ప్రొటెస్టంటు మతస్థుడు, ఊరివారు కాథలికులు. కావున వారాయనను నమ్మలేదు. ఆదివారములందు బంధువులు వచ్చి, బిడ్డలను మూలకు పిలిచి, వారి మనస్సులు విరిచిపోవుచుండిరి.

ఆయన చేసిన దేమి? మొదట నీతిపాఠము చెప్పలేదు. కడిగెను, తినిపించెను, పుండ్లకు మందు వేసెను, వారి నడుమనే పరుండెను. రాత్రి అందరికంటె వెనుక పక్క చేరి, తెల్లవారుజామున అందరికంటె ముందు లేచెను. పక్కలలో నుండి పిల్లలు నిద్ర పట్టువరకు ఆయనతో ముచ్చటించెడివారు. వారి కన్నీరు ఆయన కన్నీటితో, వారి నవ్వు ఆయన నవ్వుతో కలిసెను. ఒక్కొక్కప్పుడు చేయి చేసికొనినట్లు కూడ ఆయనయే వ్రాసెను. ప్రేమ నిలిచిన చోట పిల్లలు దానిని తప్పు పట్టలేదని సమాధానము చెప్పెను. ఈ సమాధానమును మేమంగీకరింపము. దెబ్బను సహించినది బిడ్డ యొక్క ప్రేమయే కాని, దానివలన దెబ్బకు గొప్పతనము రాదు.

ఆ వసంతమున ఆల్ట్‌డార్ఫ్ పట్టణము తగులబడెను. నిలువనీడ లేని యిరువది మందిని ఇచ్చటికి చేర్చుకొనవచ్చునా యని ఆయన పిల్లలనే యడిగెను. అన్నము తగ్గును, పని హెచ్చును, కట్టుబట్టలు పంచుకొనవలసి వచ్చునని దాపరికము లేక చెప్పెను. కొన్ని నెలల క్రిందట ఒక రొట్టెముక్కకై కాట్లాడుకొనిన యా పిల్లలే, వారు రావలెనని ముక్తకంఠముతో చెప్పిరి. ఇంత జరిగినను, జూన్ నెలలో ఆ కట్టడము సైనిక వైద్యశాలకు కావలసివచ్చి శరణాలయము మూయబడెను. ఆయన రక్తము గ్రక్కుచు కొండలలో విశ్రాంతికి పోయెను.

1801 ఆగస్టులో కుమారుడు మరణించెను. ఆ సంవత్సరముననే తల్లులకై వ్రాయబడిన "గెర్ట్రూడు బిడ్డలకెట్లు నేర్పును" అను గ్రంథము వెలువడెను. అందలి సారమిది: శిశువునకు ఆకలియైనప్పుడు తల్లి వచ్చును, భయమైనప్పుడు ఎత్తుకొనును, అట్లు పలుమారులు జరుగగా ప్రేమయు, పిదప నమ్మకమును, పిదప కృతజ్ఞతయు మొలకెత్తును. తల్లియందు మొలచిన యా నమ్మకమే తోబుట్టువులకును, ఇరుగుపొరుగునకును, తుదకు పరమేశ్వరునికిని ప్రాకును. శిశువు మనస్సు తల్లి యొడిలో ఎట్లు కుదుటపడునో పరిశోధించిన యిరువదవ శతాబ్దపు పండితులును ఈ త్రోవకే వచ్చిరి. 1818–19 సంవత్సరములందు గ్రీవ్స్ అను ఆంగ్లేయునకు వ్రాసిన లేఖలలో, బిడ్డను నడపుటకు భయమును సాధనముగా గైకొనరాదని తల్లులను హెచ్చరించెను. అన్నము తినని బిడ్డను బూచివానికి పట్టియిత్తుమని జడిపించు మన యిండ్లలో ఈ లేఖలు చదువదగినవి. న్యాయస్థానములలో బాలుర సంరక్షణమును గూర్చిన తగవులు మేము పెక్కు చూచితిమి. ఆస్తి లెక్కలు, బడిజీతములు, వంశగౌరవము అన్నియు వాదమునకు వచ్చును. అర్ధరాత్రి ఉలికిపడిన బిడ్డ యెవరి మెడను కౌగిలించుకొనునో అడిగినవారు బహు తక్కువ.

1805 మొదలు 1825 వరకు ఈవెర్డన్ పట్టణమున ఆయన నడపిన విద్యాలయమునకు దేశదేశములనుండి జనులు వచ్చిరి. ఫ్రోబెల్ పండితు డచ్చట రెండేండ్లుండెను. పెద్దలలో పెద్దలకు పొత్తు కుదుర్చుట మాత్రము ఆయనకు చేతగాలేదు. 1815లో భార్య పోయిన పిమ్మట ఉపాధ్యాయులు తమలో తాము కలహించి విద్యాలయమును చెడగొట్టిరి. ఆయన నోయ్‌హోఫ్‌నకు తిరిగిపోయి, 1827 ఫిబ్రవరి 17వ తేదీని బ్రుగ్ పట్టణమున కన్నుమూసెను. బిర్ గ్రామమున, పల్లెబడి గోడ ప్రక్కనే ఆయనను పాతిపెట్టిరి.