వంత నుంచి కథకుడి దాకా: వీణ చిట్టిబాబు

పాత సినిమా పాట ఏదైనా పెట్టండి. పాడింది ఎవరో చెప్తాం, మ్యూజిక్ ఎవరో కూడా చెప్తాం. పల్లవి అయ్యాక చరణం మొదలయ్యే లోపు పది పదిహేను సెకన్లు వీణ మోగుతుంది చూడండి, అది వాయించింది ఎవరు అంటే మాత్రం అందరం సైలెంట్. తప్పు మనది కాదు. టైటిల్స్‌లో ఆ పేరు వేయరు.

మన పల్నాడులో బుర్రకథ చూసినవాళ్ళకి ఈ సంగతి కొత్తగా చెప్పక్కర్లేదు. కథకుడికి రెండు పక్కలా ఇద్దరు వంతలు నిలబడతారు. ఒకరు హాస్యం, ఇంకొకరు రాజకీయం. వాళ్ళు తందాన అనకపోతే కథ ఒక్క అడుగు కదలదు. అయినా మర్నాడు ఊళ్ళో చెప్పుకునేది కథకుడి గురించే. సినిమా ఆర్కెస్ట్రాలో కూర్చునే సెషన్ మ్యూజీషియన్ కూడా అలాంటి వంతే. ఏళ్ళ తరబడి వంతగా ఉండి, ఆ తర్వాత తనే కథకుడైన మనిషి చిట్టిబాబు.

ఆయన 1936 అక్టోబర్ 13న కాకినాడలో పుట్టారు. తండ్రి చల్లపల్లి రంగారావు, తల్లి సుందరమ్మ. పెట్టిన పేరు హనుమానులు, ఇంట్లో పిలిచిన చిట్టిబాబు అనే ముద్దుపేరే చివరికి నిలిచిపోయింది. తండ్రికి వీణ వచ్చు. ఆయన వాయిస్తుండగా ఒక స్వరం తప్పు పడిందని ఐదేళ్ళ పిల్లాడు పట్టేశాడని చెప్తారు. అప్పటి నుంచి వీణ నేర్పించారు. పన్నెండేళ్ళకే కచేరీ చేశాడు.

1948 ప్రాంతంలో కుటుంబం మద్రాసు వెళ్ళింది. కారణం వీణ కాదు, యాక్టింగ్! భరణీ వాళ్ళ లైలా మజ్ను (1949)లో బాలనటుడిగా ఛాన్స్ వచ్చింది. నటన అక్కడితో ఆగింది కానీ మద్రాసు మాత్రం వదల్లేదు. అక్కడే ఈమని శంకరశాస్త్రి గారి శిష్యుడయ్యాడు. శాస్త్రి గారు మామూలు వైణికుడు కాదు, జెమిని స్టూడియోలో పనిచేసిన మనిషి. గొంతు పాడినట్టు వీణ పలకాలి అనేది ఆయన పద్ధతి. వీణకి నాలుగు వాయించే తీగలు, మూడు తాళం తీగలు, 24 మెట్లు. మెట్టు మీద తీగని పక్కకి లాగితే గమకం వస్తుంది. ఒక్క మీటుకి ఎన్ని స్వరాలు లాగగలవు అన్నదే అసలు పరీక్ష.

ఇంకో పక్క సినిమా రికార్డింగులు మొదలయ్యాయి. అప్పట్లో ఇప్పట్లా ఒక్కో ట్రాక్ విడిగా రికార్డ్ చేసి తర్వాత కలిపే సౌకర్యం లేదు. గాయకుడు, వయొలిన్లు, తబలా, వీణ అందరూ ఒకే హాల్లో ఒకేసారి వాయించాలి. చివరి చరణంలో ఒక్కరు తప్పినా మొత్తం మళ్ళీ మొదటి నుంచే. ఎడిట్ లేదు, అన్‌డూ లేదు. ఇచ్చిన నొటేషన్ చూడాలి, ఇచ్చిన సెకన్లలో ఇమిడిపోవాలి, డబ్బు తీసుకుని ఇంటికి వెళ్ళాలి. పదేళ్ళకి పైగా చిట్టిబాబు ఈ పని చేశారు. శ్రుతి, టైమింగ్, తక్కువలో ఎక్కువ చెప్పడం, ఇవన్నీ అక్కడే పదునెక్కి ఉంటాయని నాకనిపిస్తుంది.

అరవైల మొదట్లో ఆయన రికార్డింగులు తగ్గించుకుని కచేరీల వైపు తిరిగారు. వినడానికి సింపుల్‌గా ఉంది కానీ ఆలోచించండి. రోజూ పని దొరికే చోటు వదిలి, జనం వస్తారో రారో తెలియని స్టేజీ ఎక్కడం. పైగా శాస్త్రీయ సంగీతం వాళ్ళకి సినిమా మనిషి అంటే కాస్త చిన్నచూపు. ఆయన రెండు వైపులా రాజీ పడలేదు. కచేరీలో త్యాగరాజ కృతి ఎంత శ్రద్ధగా వాయించేవారో, కోయిల కూతనీ, చర్చిలో పెళ్ళి గంటల్నీ అంతే శ్రద్ధగా వీణ మీద పలికించేవారు. ఇదేం గారడీ అని పెదవి విరిచినవాళ్ళూ ఉన్నారు. కానీ వీణ అంటే ఏమిటో తెలియనివాళ్ళు కూడా టికెట్ కొని వచ్చి కూర్చున్నారు. మ్యూజింగ్స్ ఆఫ్ ఎ మ్యుజీషియన్ అని ఆయన సొంత రచనల రికార్డు కూడా వచ్చింది.

సినిమా ఆయన్ని మళ్ళీ పిలిచింది, ఈసారి వేరేలా. 1964లో శ్రీధర్ తీసిన తమిళ సినిమా కలై కోయిల్‌లో హీరో వీణ విద్వాంసుడు. తెర మీద వేళ్ళు నటుడివి, వినిపించేది చిట్టిబాబు వీణ. పాట మధ్య ఖాళీ నింపిన వాద్యమే ఇక్కడ కథకి కేంద్రం.

1990లో సంగీత నాటక అకాడమీ అవార్డు వచ్చింది. 1996 ఫిబ్రవరి 9న చెన్నైలో గుండెపోటుతో పోయారు. అరవై కూడా నిండలేదు.

ఇది మన ఒక్కరి కథ కాదు. అమెరికాలో మోటౌన్ కంపెనీ హిట్లలో చాలావాటి వెనక వాయించిన ఫంక్ బ్రదర్స్ పేర్లు 1971 దాకా రికార్డు అట్టల మీద ఎక్కలేదు. మనం ప్రాజెక్టులో ఒక్క లైన్‌తో ఇంపోర్ట్ చేసే లైబ్రరీ రాసినవాడి పేరు మనలో ఎంతమందికి తెలుసు?

చిట్టిబాబు వంత వరస నుంచి బయటికొచ్చి పేరు తెచ్చుకున్నారు. అదే హాల్లో ఆయన పక్కన కూర్చున్న వయొలిన్ వాళ్ళు, ఫ్లూట్ వాళ్ళు చాలామంది అలాగే ఉండిపోయారు. వాళ్ళు ఆయన కంటే తక్కువవాళ్ళని ఎవరూ తేల్చలేదు. ఆ పాటలు మాత్రం మనం ఇప్పటికీ వింటున్నాం, వాళ్ళ వేళ్ళతో సహా.