రుద్రమదేవి

రుద్రమదేవి కాకతీయ వంశమునకు చెందిన మహారాణి. ఓరుగల్లు రాజధానిగా 1262 నుండి 1289 వరకు పరిపాలించినది. తండ్రి గణపతిదేవుడు, భర్త నిడదవోలు చాళుక్య వంశీయుడైన వీరభద్రుడు. గణపతిదేవునకు పుత్రులు లేనందున ఆమె వారసురాలైనది. శాసనములలో రుద్రదేవ మహారాజు అను పురుషనామముతో కనిపించును. వెనిసు యాత్రికుడు మార్కోపోలో ఆమె పాలనను మెచ్చుకొనెను గాని, ఆమెను మరణించిన రాజు భార్యగా పొరబడెను. ఆ పొరపాటు చాలాకాలము పుస్తకములలో కొనసాగినది.

స్త్రీ సింహాసనమెక్కిన సమయము చూచుకొని దేవగిరి యాదవరాజు మహాదేవుడు కాకతీయ రాజ్యముపై దండెత్తెను. స్త్రీ అని దయతలచి ఆమెను విడిచిపెట్టినట్లు యాదవుల పక్షపు రచన చెప్పును. అయితే రుద్రమదేవిని రాయగజకేసరి అని కీర్తించు శాసనము బీదరు కోటలో లభించుటను బట్టి, విజయము ఆమెదే అనుట సమంజసము.

ఓరుగల్లు కోట

రాతి కోట నిర్మాణమును గణపతిదేవుడు ప్రారంభించగా రుద్రమదేవి పూర్తిచేసినది. గోడను సుమారు 20 అడుగుల ఎత్తునకు పెంచి, బురుజులను కట్టించినది. ఈ గోడకు 45 బురుజులు, నాలుగు దిక్కులందు నాలుగు ద్వారములు కలవు. పెద్ద పెద్ద నల్లరాళ్లను సున్నము లేకుండనే ఒకదానిపై నొకటి పేర్చిరి. గోడ లోపలివైపున దాదాపు చుట్టంతయు 18 మెట్ల వరుస ఉండుట విశేషము. శత్రువు ఏ వైపున వచ్చినను సైనికులు ఉన్నచోటు నుండియే గోడపైకి ఎక్కగలరు. దీని వెలుపల సుమారు రెండున్నర కిలోమీటర్ల వ్యాసముతో మట్టికోట, దానిచుట్టు 150 అడుగుల వెడల్పైన అగడ్త ఏర్పాటైనవి. కోట మధ్య నిలిచియున్న కీర్తితోరణములను కోట ద్వారములని పలువురు భావింతురు. నిజమునకు అవి స్వయంభూ శివాలయ ప్రాంగణమునకు చెందినవి.

చివరి దశలో కాయస్థ నాయకుడు అంబదేవుడు తిరుగబడెను. నల్గొండ జిల్లా చందుపట్ల శాసనము (1289 నవంబరు 27) రుద్రమదేవికిని, ఆమె సేనాని మల్లికార్జున నాయకునకును శివలోకప్రాప్తి కలిగినట్లు తెలుపుచున్నది. ఇరువురును ఆ యుద్ధమునందే మరణించిరని చరిత్రకారుల ఊహ. ఈ శాసనము వెలుగులోనికి రాక పూర్వము ఆమె 1295 వరకు పాలించినదని తలచెడివారు.

తరువాత దౌహిత్రుడు ప్రతాపరుద్రుడు రాజ్యమునకు వచ్చెను. 1310లో మాలిక్ కాఫర్ సేనలు మట్టికోటను దాటినను రాతిగోడను దాటలేకపోయెను. ప్రతాపరుద్రుడు కప్పము చెల్లించి సంధి చేసికొనెను. 1323లో ఉలుగ్ ఖాన్ చేతిలో కోట పతనమైనది.