మాట కలవక కూలిన మహా రాకెట్టు

1966 జనవరి 16న మాస్కోలోని ప్రావ్దా పత్రికలో ఒక మరణవార్త, దాని పక్కన ఒక ఫొటో అచ్చయ్యాయి. ఆ ముఖాన్ని సోవియట్ ప్రజలు అంతకుముందు చూసి ఎరుగరు, ఆ పేరు విని ఎరుగరు. ఆయన చేసిన పని మాత్రం లోకమంతటికీ తెలుసు. 1957లో మొదటి ఉపగ్రహం స్పుత్నిక్‌ను, 1961లో మొదటి అంతరిక్ష యాత్రికుడు యూరీ గగారిన్‌ను పైకి మోసుకుపోయిన రాకెట్టు ఆయన తయారుచేసినదే. బతికి ఉన్నంతకాలం ప్రభుత్వం ఆయన పేరును రహస్యంగా దాచింది. ఆయన పేరు సెర్గీ కొరొల్యోవ్.

కొరొల్యోవ్ 1907 జనవరిలో ఉక్రెయిన్‌లోని జితోమిర్ పట్టణంలో పుట్టారు. తండ్రి పంతులు. తల్లిదండ్రులు విడిపోవడంతో చిన్నతనంలో కొన్నేళ్ళు అమ్మమ్మ, తాతయ్యల దగ్గర గడిచాయి. చిన్ననాటి నుండి ఆయనకు విమానాలంటే పిచ్చి. మాస్కోలో ఇంజనీరింగు చదివి, కొద్దిమంది మిత్రులతో కలిసి రాకెట్ల పని మొదలుపెట్టారు. 1933 ఆగస్టులో వారి చిన్న రాకెట్టు మొదటిసారి ఆకాశంలోకి లేచింది.

ఆ తర్వాత కొరొల్యోవ్ పనిచేసిన పరిశోధనా సంస్థలో వాలెంటిన్ గ్లుష్కో అనే మరో యువకుడు ఉండేవారు. ఇంజన్ల తయారీలో ఆయనది అందెవేసిన చెయ్యి. ఒకరు రాకెట్టు, ఒకరు ఇంజను. ఇద్దరూ కలిస్తే ఎదురులేని జోడీ. అయితే అది స్టాలిన్ కాలం. 1938లో మొదట గ్లుష్కోను, తర్వాత జూన్ 27న కొరొల్యోవ్‌ను అరెస్టు చేశారు. అప్పటికి కొరొల్యోవ్ కూతురికి మూడేళ్ళు. ఖైదులో ఉన్న సహోద్యోగులను హింసించి రాయించుకున్న వాంగ్మూలాలలో కొరొల్యోవ్ పేరు ఉంది. వాటిలో గ్లుష్కోది కూడా ఒకటని చరిత్రకారులు చెబుతారు.

సైబీరియా తూర్పు కొసన ఉన్న కొలిమా బంగారు గనులకు కొరొల్యోవ్‌ను పంపారు. చలికి, ఆకలికి మనుషులు పిట్టల్లా రాలిపోయే చోటు అది. స్కర్వీ జబ్బుతో ఆయన పళ్ళు ఊడిపోయాయి. కొన్ని నెలల తర్వాత ఆయనను వెనక్కి రప్పించి, ఖైదీలైన ఇంజనీర్లు పనిచేసే జైలులో పెట్టారు. 1942లో కజాన్ పట్టణంలో గ్లుష్కో కిందనే పని చేయవలసి వచ్చింది. ఇద్దరూ ఖైదీలే. 1944లో విడుదలయ్యారు.

మనసులో ఏమున్నా ఆ తర్వాత పదిహేనేళ్ళు ఇద్దరూ కలిసి పనిచేశారు. స్పుత్నిక్‌ను, గగారిన్‌ను మోసిన రాకెట్టు కొరొల్యోవ్‌ది, దాని ఇంజన్లు గ్లుష్కోవి. ఆ ఇద్దరూ చేతులు కలిపినన్నాళ్ళు వారి దేశానిదే పైచేయి.

చంద్రుడి మీదికి మనిషిని పంపాలనుకున్నప్పుడు చిక్కు వచ్చింది. అందుకు ఎన్-1 అనే మహా రాకెట్టు కావాలి. ఎత్తు 105 మీటర్లు, బరువు దాదాపు 2,750 టన్నులు. దానిలో కిరసనాయిలు, ద్రవ ఆక్సిజన్ వాడాలని కొరొల్యోవ్ పట్టుబట్టారు. గ్లుష్కో సిద్ధం చేస్తానన్న ఇంజన్లలో వాడేది విష రసాయనాలు. 1960 అక్టోబరులో అలాంటి రసాయనాలు నింపిన వేరొకరి రాకెట్టు బైకనూరులో నేలమీదే పేలి ఎందరో కాలిపోయారు. మనుషులను ఎక్కించే రాకెట్టులో అవి కూడదని కొరొల్యోవ్ వాదన. కిరసనాయిలుతో అంత పెద్ద ఇంజను చేస్తే లోపల మంట నిలకడగా ఉండక బద్దలవుతుందని గ్లుష్కో వాదన. ఇద్దరి మాటలోనూ న్యాయం ఉంది. ఇద్దరికీ పంతం కూడా ఉంది. దేశాధినేత ఖ్రుశ్చేవ్ స్వయంగా కూర్చోబెట్టి రాజీ చేయబోయినా కుదరలేదు.

చివరికి కొరొల్యోవ్ విమాన ఇంజన్ల నిపుణుడు నికొలాయ్ కుజ్నెత్సోవ్‌ను ఆశ్రయించారు. ఆయన చేయగలిగినవి చిన్న ఇంజన్లు. అందుచేత మొదటి అంచెకు ఏకంగా 30 ఇంజన్లు బిగించారు. ఒకే బండికి 30 ఎడ్లు కట్టినట్టు అయింది. అమెరికావారి సాటర్న్-5 రాకెట్టు మొదటి అంచెకు ఉన్నవి 5 పెద్ద ఇంజన్లే.

ఎన్-1 ఎగరడం కొరొల్యోవ్ చూడలేదు. 1966 జనవరి 14న మాస్కోలో శస్త్రచికిత్స జరుగుతుండగా కన్నుమూశారు. చిన్న ఆపరేషన్ అనుకున్నది, లోపల పెద్ద కంతి బయటపడటంతో ప్రాణం మీదికి వచ్చింది. అప్పటికి ఆయన వయసు 59 ఏళ్ళు.

1969 ఫిబ్రవరి నుండి 1972 నవంబరు వరకు ఎన్-1ను 4 సార్లు ప్రయోగించారు. నాలుగూ విఫలమయ్యాయి. 1969 జూలై 3నాటి రాకెట్టు లేచిన కొన్ని క్షణాలకే తిరిగి వేదిక మీద పడి పేలింది. మరో 13 రోజులకు అమెరికావారు చంద్రుడి వైపు బయలుదేరారు. గ్లుష్కోతో తగవు ఒక్కటే దీనికి కారణం కాదు. డబ్బు చాలలేదు, వ్యవధి చాలలేదు, 30 ఇంజన్లనూ కలిపి నేలమీద పరీక్షించే ఏర్పాటే లేదు. అయినా ఆ 30 ఇంజన్ల అవసరం ఎక్కడ పుట్టిందో మనం చూశాం. దాదాపు 4,500 టన్నుల తోపుడు శక్తి గల ఆ మొదటి అంచెను మించినది 2023లో స్టార్‌షిప్ ఎగిరేదాకా మరొకటి ఎగరలేదు.

1974లో ఆ సంస్థకే అధిపతిగా వచ్చిన గ్లుష్కో ఎన్-1 పనిని ఆపించారు. తర్వాత తన సొంత మహా రాకెట్టు ఎనర్జియాను తయారుచేశారు. 1987 మేలో అది ఎగిరింది. దాని పక్క రాకెట్లకు ఆయన బిగించిన పెద్ద ఇంజన్లు ఏ ఇంధనంతో మండేవో తెలుసా? కిరసనాయిలు, ద్రవ ఆక్సిజన్‌తోనే! కొరొల్యోవ్ అడిగినవి అవే. అప్పటికి అడిగిన మనిషి పోయి 21 ఏళ్ళు. మరో రెండేళ్ళలోపే, 1989 జనవరిలో, గ్లుష్కో కూడా కన్నుమూశారు.

ప్రియ పాఠకులారా, మన ఇళ్ళలో అన్నదమ్ముల మధ్య, అత్తాకోడళ్ళ మధ్య మాటలు ఆగిపోయిన గడపలు ఎన్ని లేవు? రేపు ఒప్పుకోబోయే మాటను ఈ రోజే ఒప్పుకుంటే వినడానికి ఎదుటి మనిషి ఉంటాడు.