పుస్తకాల పెట్టెలో వచ్చిన విడుదల

నెదర్లాండ్స్ దేశంలో మెర్వేడ నది ఒడ్డున గోరిన్కెమ్ అనే చిన్న పట్టణం ఉంది. లింగె అనే చిన్న నది వచ్చి ఆ పెద్ద నదిలో కలిసేది అక్కడే. 1382లో పట్టణ హక్కులు పొందిన ఈ ఊరి చుట్టూ నాలుగు వందల ఏళ్ళ నాటి కోటగట్లు నేటికీ నిలిచి ఉన్నాయి. పడవలు, రేవు, వర్తకం దాని జీవితం.

అయితే ఈ ఊరి చరిత్రలో క్రైస్తవులమైన మనం సిగ్గుపడవలసిన పుట ఒకటి ఉంది. 1572లో ఈ పట్టణాన్ని పట్టుకున్న ప్రొటెస్టంట్ పోరాటగాళ్ళు కథోలిక గురువులను బంధించి, బ్రీల్ అనే ఊరికి తీసుకుపోయి, 19 మందిని ఉరితీశారు. చంపినవారూ చనిపోయినవారూ ఒకే రక్షకుని నామం పలికినవారే.

ఆ తరువాత పదకొండేళ్ళకు, 1583లో, డెల్ఫ్ట్ నగరంలో హ్యూగో గ్రోషియస్ పుట్టాడు. పదకొండేళ్ళకే లైడెన్ విశ్వవిద్యాలయంలో చేరిన మేధావి. పెద్దవాడై న్యాయవాదిగా, రోటర్‌డామ్ నగర అధికారిగా పేరు పొందాడు. ఆ రోజుల్లో దేవుని ఏర్పాటును గురించి సంఘం రెండుగా చీలిపోయింది. ఈ వాదాన్ని ప్రసంగ వేదికల మీదికి తేవద్దని 1614లో ప్రభుత్వం ఇచ్చిన ఉత్తర్వు గ్రోషియస్ రాసిందే. కానీ ఆ మాట ఎవరూ వినలేదు. 1618లో అతణ్ణి బంధించారు. 1619 మే నెలలో అతని పెద్దదిక్కు ఓల్డెన్‌బార్నెవెల్ట్‌ను శిరచ్ఛేదం చేశారు. గ్రోషియస్‌కు యావజ్జీవ శిక్ష పడింది. గోరిన్కెమ్‌కు నది అవతల ఉన్న లూవెస్టైన్ కోట అతని చెరసాల అయింది.

భార్య మరియా తానూ ఆ చెరలోకి వెళ్ళింది. గోరిన్కెమ్‌లో ఉన్న మిత్రుల ఇంటి నుండి పడవలో పెద్ద పెట్టె నిండా పుస్తకాలు వచ్చేవి, చదివినవి తిరిగి వెళ్ళేవి. మొదట్లో కావలివారు పెట్టెను వెదికేవారు, రానురాను మానేశారు. మరియా అది గమనించింది. 1621 మార్చి 22న కోట అధికారి ఊళ్ళో లేని సమయం చూసి, కాళ్ళు ముడుచుకుంటే తప్ప పట్టని ఆ పెట్టెలో భర్తను పడుకోబెట్టి తాళం వేసింది. తాను మాత్రం కోటలోనే ఉండిపోయింది. సైనికులే పెట్టెను మోసి పడవ ఎక్కించారు.

పెట్టెతో పాటు నది దాటింది ఎల్షె అనే పనిపిల్ల. దొరికిపోతే ఏమవుతుందో ఆమెకు తెలుసు. అయినా బెదరకుండా పెట్టెను గోరిన్కెమ్‌లోని మిత్రుల ఇంటికి చేర్చింది. గ్రోషియస్ తాపీమేస్త్రీ వేషంలో ఊరు దాటి, ఆంట్‌వెర్ప్ మీదుగా పారిస్ చేరాడు. మరియాను కూడా కొద్ది రోజులకు విడిచిపెట్టారు.

చెరలో ఉండగా అతడు ఏం రాశాడు? తనను బంధించినవారి మీద పగ తీర్చుకునే పుస్తకం ఒక్కటే రాసి ఉండవచ్చు. కానీ దూరదేశాలకు వెళ్ళే సామాన్య నావికుల కోసం, క్రైస్తవ విశ్వాసం ఎందుకు సత్యమో డచ్చి పద్యంలో వివరించాడు. ఆ కాలపు డచ్చి ఓడలు మన మచిలీపట్నం రేవుకు కూడా వచ్చేవి. తరువాత 1627లో అదే విషయం లాటిన్ గ్రంథంగా వెలువడి అనేక భాషలలోకి వెళ్ళింది. సంఘాలను చీల్చే వాదాలను పక్కనపెట్టి, క్రైస్తవులందరూ నమ్మేదానినే అందులో చెప్పాడు. 1625లో అచ్చయిన యుద్ధమూ శాంతీ గురించిన గ్రంథం అంతర్జాతీయ న్యాయానికి పునాదులలో ఒకటయింది.

స్వదేశంలో మాత్రం అతనికి చోటు దొరకలేదు. 1645లో ఓడ ప్రమాదానికి గురై, అలసిపోయి, జర్మనీలోని రోస్టాక్‌లో కన్నుమూశాడు. బ్రతికుండగా రానివ్వని దేశం అతని దేహాన్ని డెల్ఫ్ట్ దేవాలయంలో పాతిపెట్టింది.

ప్రియులారా, సిద్ధాంతం ముఖ్యం కాదని మేము చెప్పడం లేదు. గ్రోషియస్ కూడా అలా అనుకోలేదు. కానీ మన సంఘాలలో బాప్తిస్మపు పద్ధతి గురించీ, నాయకుల పేర్ల మీదా విడిపోయి, ఒకరి ఇంట పెళ్ళికి, చావుకు ఒకరు వెళ్ళని స్థితి మనకు తెలియనిదా? వాదంలో గెలిచినవారి పేర్లు నేడు ఎంతమందికి గుర్తున్నాయి? నది దాటించిన పనిపిల్ల పేరు మాత్రం నేటికీ నిలిచింది. సహోదరుణ్ణి చెరలో వేసే చేతులు కాక, చెర నుండి మోసుకొచ్చే చేతులు దేవుడు మనకు అనుగ్రహించును గాక.