పూవు పేరిటి కవయిత్రి

ఆడుబిడ్డకు పూవు పేరు పెట్టి పిలుచుకొనుట అన్ని దేశములలోను ఉన్న ముచ్చటయే. మనవారు మల్లిక అనిరి, మాలతి అనిరి, పద్మ అనిరి. ఇవి యన్నియు సంస్కృతపు వన్నె గల పేర్లు. తెలుగు పూవు పేరును ఉన్నదున్నట్లు ఉంచి, చివర అమ్మ అని గాని అక్క అని గాని తగిలింపక బిడ్డకు పెట్టుకొన్న తండ్రి ఒకడు మన సాహిత్యచరిత్రలో కలడు. అతడు ఆతుకూరి కేసన. ఆ బిడ్డ మొల్ల.

మొల్ల యనగా ఏ పూవు? ఈ ప్రశ్న తరగతిలో అడిగినచో చాలమంది పిల్లలు మల్లె యని చెప్పి కూర్చుందురు. అది తప్పు కాదు గాని పూర్తిగా ఒప్పును కాదు. మల్లె, మొల్ల, జాజి, విరజాజి ఒక్క ఇంటి తోబుట్టువుల వంటివి. నిఘంటువులు మొల్లకు కుందమని అర్థము చెప్పినవి. మల్లె ఎండకాలపు పూవు; కుందము చలికాలమున విరియును. అమరకోశము కుందమునకు మాఘ్యమని మరియొక పేరు చెప్పుటకు కారణమిదియే. మాఘమాసమున పూచునది యని భావము. తెల్లదనమును వర్ణింపవలసి వచ్చినను, పలువరుసను పొగడవలసి వచ్చినను సంస్కృత కవులు ఈ పూవునే పోలిక తెచ్చిరి. బడిపిల్లలు నిత్యము చదువు సరస్వతీ ప్రార్థనలో ఆ తల్లి మేనిచాయకు మొదటి ఉపమానము కుందమే. కవయిత్రికి ఇంతకంటె తగిన పేరు వెదకినను దొరకదు. అయితే పేరు పెట్టునాడు కేసనకు తన కూతురు కవయిత్రి యగునని తెలియదు గదా!

ఈ పూవు మన ఒక్కరి సొత్తు కాదు. కన్నడమున మొల్లె, తమిళమున ముల్లై, మలయాళమున ముల్ల. అన్నియు ఒకే ద్రావిడ పదమునకు రూపభేదములు. గూడూరు ప్రాంతమువారికి ఇది వింతగా తోచదు. దక్షిణమునకు కొంతదూరము పోయినంతనే తమిళము చెవిని పడు సీమ అది. ప్రాచీన తమిళ సాహిత్యమున ముల్లై పూవునకు మాత్రమే పేరు కాదు. ఒక నేలకును, ఒక మనఃస్థితికిని పేరు. అడవులు, పచ్చిక బయళ్లు గల పసులకాపరుల నేల ముల్లై. వానకాలపు సాయంకాలమున మగని రాకకై ఓర్పుతో ఎదురుచూచు ఇల్లాలి కథ ఆ పాటల వస్తువు. అల్లుకొనుటకు ఊత లేక అల్లాడుచున్న ముల్లైతీగకు తన రథమునే విడిచిపోయిన పారి యను దొర కథ తమిళులలో చిన్నలకు పెద్దలకు తెలిసినదే. మొల్ల పుట్టిన ఊరు గోపవరము. ముల్లై గోపాలకుల నేల. ఇది చమత్కారమే గాని ప్రమాణము కాదు. దీనిపై ఎవ్వరును సిద్ధాంతములు కట్టరాదు.

దూరదేశపు ముచ్చట యొకటి ఇచ్చట చెప్పదగినది. స్లావు జాతులవారగు బల్గేరియనులలోను, సెర్బులలోను త్స్వెతా, త్స్వెతానా వంటి ఆడుపేర్లు కలవు. వారి మాటలో త్స్వెత్ అనగా పూవు. వెలుగునకు వారి మాట స్వెత్. మన శ్వేతశబ్దమును, వారి స్వెత్తును ఒకే మూలమునుండి వచ్చినవని భాషాశాస్త్రజ్ఞులు చెప్పుదురు. పూవునకు చెప్పు మాటను గూడ పలువురు ఆ కుదుటికే చేర్చుదురు. రష్యనుల స్వెత్లానా యను పేరు ఈ వెలుగు మాటనుండియే పుట్టినది. అది పురాణములనుండి గాని, మతగ్రంథములనుండి గాని వచ్చిన పేరు కాదు. పందొమ్మిదవ శతాబ్ది ఆరంభమున కవులు కల్పించిన పేరు. 1813లో వెలువడిన జుకోవ్‌స్కీ గేయకథ వలన అది జనమునకు తెలిసినది. పునీతుల పట్టికలో లేదని చర్చివారు చాలకాలము ఆ పేర జ్ఞానస్నానము చేయింపలేదు. 1917 విప్లవము తరువాత అది ఇంటింటి పేరైనది. అక్కడ కావ్యమునుండి పేరు ఇండ్లలోనికి నడచి వచ్చినది. మనకడ కావ్యమునకు తలకట్టుగా నిలిచిన పేరు గడప దాటి లోపలికి రాలేదు. ఇప్పటి బడులలో శ్వేతలు ఎందరో కలరు. మొల్ల పేరుగల బాలిక కనబడుట మాత్రము అరుదు.

ఆ పేరుగల స్త్రీని గూర్చి మనకు తెలిసినది స్వల్పము. ఆ స్వల్పమును ఆమెయే తన రామాయణ పీఠికలో చెప్పినది. ఊరు గోపవరము. తండ్రి కేసన. ఇంటిపేరును కొందరు ఆతుకూరి యనియు, కొందరు ఆత్మకూరి యనియు వ్రాయుదురు. గోపవరము ఏది యను చర్చ ఒకటి కలదు. నెల్లూరు సీమవారు ఆమెను తమ యాడపడుచుగా చెప్పుకొందురు. కడప జిల్లా బద్వేలు చెంతనున్న గోపవరమే ఆమె ఊరని పలువురు పండితులు తలచిరి. నడుమ అడ్డుగా నున్నది వెలిగొండల వరుస మాత్రమే. గూడూరునుండి రాపూరు మీదుగా పడమరకు పోవు దారి ఆ కొండలను దాటియే కడప సీమలోనికి దిగును. కొండకు ఈవలివారును ఆవలివారును సంతలకు, తిరునాళ్లకు కలిసి తిరుగు సీమలో ఆమె ఎవరి బిడ్డ యని వాదులాడుటకంటె ఇరువురి బిడ్డ యనుకొనుట మేలు.

కేసన గురువును, లింగమును, జంగములను అర్చించు శివభక్తుడు. ఊరి దేవుడు శ్రీకంఠ మల్లేశ్వరుడు. తనకు అబ్బిన కవిత్వము ఆ దేవుని వరమే యని మొల్ల చెప్పుకొన్నది. శ్రీశైలమున శివుడు మల్లికార్జునుడని పేరు పొందుటకు భక్తురాలొకతె మల్లెపూలతో చేసిన పూజయే కారణమని అక్కడి స్థలపురాణము. మల్లేశుని కొలుచు తండ్రి తన కూతునకు మొల్ల యని పేరు పెట్టుటలో ఆ దేవుని తలపు ఉండెననుకొనుట సహజముగా తోచును. పూజకు తెచ్చిన పూవు వంటి బిడ్డ యని ఆయన మురిసి యుండవచ్చును.

అట్టి శైవుని ఇంట పుట్టిన బిడ్డ రామకథ వ్రాసినది! ఈ సంగతిని మన పాఠ్యపుస్తకములు ఒక్క వాక్యములో దాటిపోవుచున్నవి. దాటిపోదగినది కాదు. పాల్కురికి సోమనాథుని నాటి వీరశైవమునకు హరినామము గిట్టనిది. ఆ గోడను మెల్లమెల్లగా కరగించినవారిలో నెల్లూరి తిక్కన ముఖ్యుడు. తన భారతమును హరిహరనాథునకు అంకితము చేసెను. పిమ్మట బమ్మెర పోతన వచ్చెను. పోతన తండ్రి పేరును కేసనయే. ఆ ఇల్లును శైవుల ఇల్లే; పోతన వీరభద్ర విజయము వ్రాసి, ఆ వెనుక భాగవతమును చేపట్టెను. తనచేత పలికించువాడు రామభద్రుడని ఆయన చెప్పెను. రాముడు చెప్పుమన్నందుననే చెప్పుచున్నానని మొల్లయు చెప్పినది. ఇరువురు కేసనల బిడ్డలు, ఇరువురు శివుని ఇంటినుండి బయలుదేరి రాముని వాకిట చేరినవారు. ఇరువురును రాజులకు కావ్యమును అమ్ముకొనలేదు. ఒకరిని చూచి ఒకరు వ్రాసిరని దీని అర్థము కాదు. ఆ కాలపు తెలుగు భక్తి ఏ దారిన నడచినదో ఈ జంట వలన తెలియును.

లోకము ఆమెను కుమ్మర మొల్ల యని పిలుచును. తన కులమును చెప్పుకొన్న పద్యము ఆమె పీఠికలో లేదు. అంతమాత్రమున ఆ వాడుక కల్ల యని తేల్చివేయు పండితులు కలరు. ఆ పండితులు తాము నమ్ము ఇతర కవుల కథలలో ఎన్నింటికి లిఖితప్రమాణము కలదో ఒకసారి లెక్క చూచుకొనవలెను. సారె త్రిప్పు ఇంట సరస్వతి నిలిచినదన్న మాట కుమ్మరులకు తరతరములుగా గర్వకారణమైనది. ప్రమాణము లేని మాటను చరిత్ర యని వ్రాయరాదు, నిజమే. తరతరములు నిలిచిన జ్ఞాపకమును తుడిచివేయుటకును ప్రమాణము కావలెను గదా.

కాలమును గూర్చిన కథలు మాత్రము పరీక్షకు నిలువవు. ఒక కథ ఆమెను ఓరుగల్లు ప్రతాపరుద్రుని నాటికి లాగును. ఓరుగల్లు పతనమైనది 1323లో. పూర్వకవులను స్తుతించుచు మొల్ల శ్రీనాథుని పేరెత్తినది. శ్రీనాథుడు ఆ పతనమునకు తరువాతివాడు. కావున ఆ కథ పొసగదు. మరియొక కథ ఆమెను కృష్ణదేవరాయల కొలువునకు తీసికొనిపోయి, అక్కడ తెనాలి రామకృష్ణునితో మాటల పోరు పెట్టించును. రాయలు ఏలినది 1509 మొదలు 1529 వరకు. కాలము అసాధ్యమైనది కాదు. కాని ఆ కొలువు కవులలో ఒక్కరిని గూడ ఆమె తలపలేదు. ఆ రాజును పొగడలేదు. కావ్యమును నరునకు గాక రామునకే అర్పించినది. రాజాశ్రయమును కోరని స్త్రీని రాజసభలో నిలువబెట్టి గాని గొప్పచేయలేమనుకొన్నవారు అల్లిన కథలు ఇవి. రామకృష్ణుని పేర ప్రచారమున ఉన్న పరిహాసములు కొన్ని తరగతిలో చెప్పుటకే తగవు. 1970లో వచ్చిన కథానాయిక మొల్ల చలనచిత్రము తరువాత ఆమె పేరు పల్లెపల్లెకు చేరినది, మంచిదే. కథలును ఆ పేరుతోపాటే చేరినవి. పదునైదవ శతాబ్ది చివరనో, పదునారవ శతాబ్ది మొదటి భాగముననో ఆమె జీవించినదని చెప్పుటతో తృప్తిపడవలెను.

ఇక కావ్యము. సుమారు 870 గద్యపద్యములు, ఆరు కాండలు. వాల్మీకి 24,000 శ్లోకములలో చెప్పిన కథకు ఇది ఎంత సంగ్రహమో విద్యార్థులే లెక్కించుకొనగలరు. అయోధ్య, కిష్కింధ కాండలను ఆమె వేగముగా దాటినది. సుందర, యుద్ధ కాండలలో తీరికగా నిలిచినది. ఉత్తరకాండను ముట్టలేదు. సీతను అడవులకు పంపిన కథను స్త్రీ గనుక వ్రాయనొల్లలేదని చెప్పుట సులభమే. భాస్కర రామాయణమును ఆరు కాండలతోనే ముగిసినదని మరువరాదు.

తనకు వ్యాకరణము, ఛందస్సు, అలంకారములు తెలియవని ఆమె చెప్పుకొన్నది. ఆ మాటను అక్షరాల నమ్మినవారు మోసపోయినట్లే. సీసములు, ఉత్పలమాలలు ఎక్కడను కాలు తడబడక నడచినవి. అయోధ్య వర్ణనలో పండితుల పద్ధతి అంతయు కనిపించును. అయినను ఆమె కోరినది వేరు. నాలుకకు తగిలినంతనే తేనె తీపి తెలిసినట్లు, చెవిని పడినంతనే పద్యపు భావము తెలియవలెనని ఆమె మతము. అర్థము కాని మాటలు కూర్చుట మూగవాడును చెవిటివాడును ముచ్చటించుకొనుట వంటిదని ఎత్తిపొడిచినది. ప్రబంధయుగము గడప తొక్కుచున్న కాలమున, సమాసములు మూరలకు మూరలు సాగుచున్న కాలమున, ఒక పల్లెపడుచు ఈ మాట అనుట సామాన్యము కాదు. సంస్కృతపు మల్లికను విడిచి తెలుగు మొల్లను పేరుగా పొందిన బిడ్డకు ఈ రుచి తగినదే.

ఆమె పనితనమునకు ఒక్క ఉదాహరణము. అరణ్యమునకు పోవుచు రాముడు గంగ దాటవలసి వచ్చెను. ఆ పాదధూళి సోకి రాయి ఆడుదైనదని విన్న గుహుడు, తన ఓడ ఏమగునో యని వెరచి, ముందుగా రాముని కాళ్లు కడిగెను. వాల్మీకిలో ఇది లేదు. అధ్యాత్మ రామాయణపు ఛాయ. హిందీలో తులసీదాసు రామచరిత మానసమున దీనిని చెప్పుటకు మునుపే మొల్ల తెలుగున ఒక్క పద్యములో ఇమిడ్చినది. భయము నటనయా, భక్తి నటనయా యని చదువరి నవ్వుకొనునంతలో పద్యము ముగియును. హనుమ సీతకు రాముని రూపురేఖలు చెప్పు సీసపద్యము పాఠ్యపుస్తకముల ద్వారా ఎందరికో కంఠస్థమైనది. గుహుని పద్యమును గూడ దాని పక్కన ఉంచి చదివింపవలెను.

తెలుగున పద్యకావ్యము పలికిన స్త్రీ ఈమె యొక్కతెయే కాదు. తాళ్లపాక తిమ్మక్క సుభద్రా కల్యాణము వ్రాసినది. ఆమెయు కడప సీమ ఇల్లాలే. మొదటివారెవరను పందెము ఈ ఇరువురి నడుమ పెట్టుట మనకు వాడుకయైనది. తిమ్మక్క అన్నమాచార్యుని భార్య. సాహిత్యము ఆ ఇంట ఊపిరి. మొల్లకు అట్టి ఇల్లు ఉన్నట్లు పీఠిక చెప్పదు. తండ్రి, ఊరిగుడి, దేవుడు, ఇంతే.

హైదరాబాదు ట్యాంకుబండుపై 1986లో నిలిపిన ప్రముఖుల విగ్రహములలో మొల్ల విగ్రహము కలదు. 2017లో తపాలాశాఖ ఆమె పేర బిళ్లను వెలువరించినది. ఆమె ముఖము ఎట్లుండెడిదో ఎరిగినవారు లేరు గనుక శిల్పి, చిత్రకారుడు ఎవరి ఊహను వారు మలచుకొనిరి. ఆమె పెండ్లి మాట గాని, తుది దినముల మాట గాని పీఠికలో లేదు. జనశ్రుతి మాత్రము ముసలితనమున ఆమెను శ్రీశైలమునకు చేర్చి, మల్లికార్జునుని సన్నిధిని కన్నుమూయించినది.