చెడిన కాపురం కథ చెప్పిన పాకాల రాజమన్నారు

పాకాల అనగానే మన ప్రాంతంవారికి రైలు జంక్షను గుర్తుకొస్తుంది. ఆ పేరే ఇంటిపేరుగా గల పాకాల వెంకట రాజమన్నారు మద్రాసు హైకోర్టు ప్రధాన న్యాయమూర్తిగా ప్రసిద్ధులు. నలుగురూ గుట్టుగా దాచుకునే చెడిన కాపురం కథను నాటకంగా రాసింది కూడా ఆయనే.

రాజమన్నారు 1901లో జన్మించారు. తండ్రి వెంకటరమణారావు కూడా హైకోర్టు న్యాయమూర్తిగా పనిచేశారు. కుమారుడు న్యాయవాద వృత్తిలో ఉంటూనే నాటకాలు రాశారు. అప్పట్లో ఊరూరా పౌరాణిక నాటకాలదే రాజ్యం. హార్మోనియం, పద్యాలు లేనిదే జనం కూర్చునేవారు కారు. రాజమన్నారు మాత్రం ఇంట్లో మాట్లాడుకునే మాటలతో ‘తప్పెవరిది’ రాశారు. 1930 ప్రాంతంలో బళ్లారి రాఘవ దానిని ప్రదర్శించారు. మగవారే ఆడవేషం కట్టే ఆ రోజుల్లో కొమ్మూరి పద్మావతీదేవి ఆయనతోపాటు నటించడం విశేషం.

భర్త నడత వల్ల కాపురం విషమై, భార్య బతుకు చెదిరిపోవడమే ఇందులోని కథ. లోకం ఆమెనే వేలెత్తి చూపుతుంది. అసలు తప్పెవరిదో తేల్చుకోవలసిన పని మాత్రం ప్రేక్షకులకే వదిలారు రచయిత.

ఆ కాలంలో ఆ ప్రశ్న చిన్నది కాదు. హిందూ పురుషుడు ఒక భార్య ఉండగానే మరొకరిని పెళ్లాడవచ్చు. భార్య మాత్రం ఎంత నరకమైనా పడి ఉండవలసిందే. కొన్ని కులాల్లో పెద్దల సమక్షంలో తెగతెంపులు చేసుకునే ఆచారం ఉన్నా, కోర్టుకు వెళ్లి విడాకులు కోరే హక్కు లేదు. మద్రాసు రాష్ట్రంలో 1949లో చేసిన చట్టం రెండో పెళ్లిని నిషేధించి, విడాకులకు వీలు కల్పించింది. చిత్తూరు జిల్లా అప్పుడు ఆ రాష్ట్రంలోనిదే. దేశమంతటికీ వర్తించే హిందూ వివాహ చట్టం 1955లో వచ్చింది.

రాజమన్నారు 1948 నుంచి 1961 వరకు ప్రధాన న్యాయమూర్తిగా ఉన్నారు. 1954లో గుంటూరులో ఆంధ్ర హైకోర్టు ఏర్పడేవరకు మన జిల్లా అప్పీళ్లు మద్రాసుకే వెళ్లేవి. 1953లో ప్రారంభమైన కేంద్ర సంగీత నాటక అకాడమీకి తొలి అధ్యక్షులూ ఆయనే. 1979లో కన్నుమూశారు.

నేడు చట్టం ఉంది, కోర్టులున్నాయి. అయినా కాపురం చెడిందనగానే ముందుగా కోడలినే నిలదీసే ఇళ్లు ఇంకా ఉన్నాయి. అలాంటి ఇళ్లలో రాజమన్నారు అడిగిన ప్రశ్నకు నేటికీ జవాబు రాలేదు.