ప్రవాసంలో వెలిగిన రంగదీపం

స్పానిష్ నటీమణి మార్గరీటా షిర్గు 1888లో బార్సిలోనా సమీపాన మొలిన్స్ ద రేయ్‌లో, శ్రామిక కుటుంబంలో జన్మించింది. ఔత్సాహిక నాటక సమాజాలలో నటన నేర్చి, మూకీ చిత్రాలలోనూ నటించి, రంగస్థలాన అగ్రతారగా ప్రకాశించింది. నియంత పాలనకు వెరచి ఇతరులు వెనుదీయగా, యువకవి లోర్కా రచించిన ‘మరియానా పినేదా’ను 1927లో ధైర్యంగా ప్రదర్శించింది.

1936లో ఆమె లాటిన్ అమెరికాలో పర్యటిస్తుండగా స్వదేశంలో అంతర్యుద్ధం చెలరేగింది. ఫ్రాంకో పక్షీయులు లోర్కాను కాల్చి చంపారు. ఆమె మరల స్వదేశాన అడుగిడలేదు. కాని ఆ కవివాణిని మూగవోనీయలేదు. 1938లో అర్జెంటీనాలో నిర్మించిన ‘నెత్తుటి పెళ్లి’ చలనచిత్రంలో తల్లి పాత్ర ధరించింది. 1945లో బ్యూనస్ ఐరిస్‌లో ఆయన చివరి నాటకం ‘బెర్నార్దా ఆల్బా ఇల్లు’ను తొలిసారి ప్రదర్శించింది. మాంటెవిడియోలో యువనటులకు గురువై, 1969లో అక్కడే కన్నుమూసింది. శతజయంతి వత్సరమైన 1988లో ఆమె అస్థికలు జన్మస్థలం చేరాయి.